కూడాలా, గుణించాలా? – గణితంపై పాఠకుల ప్రశ్నలకు జవాబులు

ప్రశ్న: మాస్టారికి నమస్కారం. మా అమ్మాయి అయిదో తరగతి చదువుతోంది. ఎక్కాలు తడుముకోకుండా అప్పజెబుతుంది, మూడంకెల గుణకారాలు తప్పు లేకుండా చేస్తుంది. అదే లెక్కను వాక్యాల్లో ఇస్తే మాత్రం పెన్సిలు పట్టుకుని నా ముఖం చూస్తూ, “అమ్మా, ఇది కూడాలా, గుణించాలా?” అని అడుగుతుంది. మొన్న కిలో 160 రూపాయల చొప్పున 250 గ్రాముల కందిపప్పు ఖరీదు ఎంత అన్న లెక్కకు 40,000 రూపాయలని రాసింది. ఎలా సరిదిద్దాలో తెలుపగలరు.
– ఒక తల్లి, విజయనగరం

జవాబు: మీ అమ్మాయి గుణకారంలో తప్పు లేదమ్మా, 160ని 250తో గుణిస్తే 40,000 వచ్చి తీరుతుంది. తప్పంతా ఆ అంకెలు దేని గురించి చెబుతున్నాయో చూడకుండా గుణించడంలో ఉంది. 160 అన్నది ఒక కిలోకు ఇచ్చే రూపాయలు, 250 అన్నది గ్రాములు. ఈ రెండింటినీ ఒకే కొలతలోకి తీసుకురాకుండా గుణించినందువల్లనే పావుకిలో పప్పు నలభై వేలయింది. అందుకే నా తరగతిలో పిల్లలను అంకెను ఒంటరిగా రాయనివ్వను. ‘160’ అని కాదు, ‘ఒక కిలోకు 160 రూపాయలు’ అని రాయాలి. ‘250’ అని కాదు, ‘250 గ్రాములు, అంటే పావుకిలో’ అని రాయాలి. అలా రాసిన పిల్లలకు కిలోలో నాలుగో వంతుకు 160లో నాలుగో వంతు, అంటే 40 రూపాయలు, అన్న సంగతి చాలాసార్లు ఎవరూ చెప్పకుండానే తడుతుంది.

‘కూడాలా, గుణించాలా’ అన్న ప్రశ్నకు చాలావరకు పెద్దలమే కారణం. ‘మొత్తం’ అని ఉంటే కూడిక, ‘మిగిలింది’ అని ఉంటే తీసివేత అంటూ కొండగుర్తులు నేర్పుతాం. “మొత్తం 12 మామిడిపండ్లకు 180 రూపాయలు ఇచ్చాను, ఒక్కో పండు ఎంత పడింది?” అన్న లెక్కలో ‘మొత్తం’ అన్న మాట ఉంది, కూడిక మాత్రం లేదు. మాటను పట్టుకున్న పిల్ల 192 అని రాస్తుంది, లెక్కను అర్థం చేసుకున్న పిల్ల 15 రూపాయలని రాస్తుంది. అయితే మన భాషలో నిజంగా ఆనవాలు పట్టవలసిన మాట ఒకటుంది, అది ‘చొప్పున’. ఈ మాట ఏ ప్రక్రియ చేయాలో చెప్పదు, కానీ ఆ అంకె ఒక్క వస్తువుకో, ఒక్క కిలోకో, ఒక్క డజనుకో చెందిన ధర అని చెబుతుంది. ‘అయిదుగురికి రెండేసి లడ్లు’ అన్నప్పుడు ‘రెండేసి’ చేసే పనీ అదే. ఒక్కదాని సంగతి తెలిసి అన్నింటి సంగతి అడిగితే గుణిస్తాం, అన్నింటి సంగతి తెలిసి ఒక్కదాని సంగతి అడిగితే భాగిస్తాం.

ఈ లెక్కను ఇంట్లో చేయించి చూడండి. కిలో 56 రూపాయల చొప్పున రెండున్నర కిలోల బియ్యం, డజను 72 రూపాయల చొప్పున 8 అరటిపండ్లు, మీ అమ్మాయి తప్పుచేసిన పావుకిలో కందిపప్పు కొని 500 రూపాయల నోటు ఇస్తే తిరిగి ఎంత రావాలి? బియ్యానికి రెండు కిలోలకు 112, అరకిలోకు 28, కలిపి 140 రూపాయలు. అరటిపండు ఒక్కోటి 6 రూపాయలు కాబట్టి ఎనిమిదింటికి 48. పప్పుకు 40. వెరసి 228, తిరిగి రావలసింది 272 రూపాయలు. ఈ ఒక్క లెక్కలో నాలుగు ప్రక్రియలూ ఉన్నాయి. ఏది ఎక్కడ చేయాలో సరుకుల చీటీయే చెబుతోంది.

పెన్సిలు పట్టకముందే “పావుకిలో ఖరీదు కిలో ఖరీదుకంటే తక్కువ ఉండాలా, ఎక్కువ ఉండాలా?” అని అడగడం అలవాటు చేయండి. అన్నీ పొట్లాల్లో వచ్చి, డబ్బు ఫోనులో చెల్లిపోతున్న ఈ రోజుల్లో పిల్లలకు తూకమూ చిల్లరా రెండూ కంటబడడం లేదు. వారానికొకసారి రైతుబజారుకు వెంట తీసుకెళ్లి, అక్కడి ధరల బోర్డు చూపించి, చేతికి నోటు ఇచ్చి అరకిలో టమాటాలు కొనిపించమని నా గట్టి సలహా.

ప్రశ్న: మా చిన్నతనంలో ఇటువంటి లెక్కలను త్రైరాశికం అనేవారు. మా మనవడి పుస్తకంలో ఏకవస్తు పద్ధతి అని ఉంది. రెండూ ఒకటేనా?
– విశ్రాంత ఉద్యోగి, వరంగల్

జవాబు: జవాబు ఒకటే, దారి వేరు. ఏకవస్తు పద్ధతిలో ముందు ఒక్కదాని ధర కట్టి, తరువాత కావలసినన్నింటికి లెక్కిస్తారు. త్రైరాశికంలో ప్రమాణం (ముందే తెలిసిన కొలత), ఫలం (ఆ కొలతకు వచ్చేది), ఇచ్ఛ (మనం లెక్క కట్టవలసిన కొలత) అన్న మూడు రాశులను వరుసగా రాసి, ఇచ్ఛను ఫలంతో గుణించి ప్రమాణంతో భాగిస్తారు. క్రీ.శ. 499 నాటి ఆర్యభటీయంలోనే ఈ సూత్రం ఉంది. 1150లో భాస్కరాచార్యుడు రచించిన లీలావతిలో ఏడింట మూడు వంతుల నిష్కానికి (నిష్కం పాతకాలపు నాణెం) రెండున్నర పలాల (పలం పాతకాలపు తూకం) కుంకుమపువ్వు వస్తే 9 నిష్కాలకు ఎంత వస్తుందన్న లెక్క కనిపిస్తుంది. జవాబు యాభై రెండున్నర పలాలు. మహావీరాచార్యుని సంస్కృత గణితాన్ని తెలుగు పద్యాల్లోకి తెచ్చిన పావులూరి మల్లన వల్ల ఈ సంప్రదాయం మన భాషకు చాలా ముందుగానే అందింది.

భాస్కరుడు ప్రమాణమూ ఇచ్ఛా ఒకే జాతివి కావాలని నియమం పెట్టాడు. పై ఉత్తరంలోని కందిపప్పు లెక్కలో లోపించినది సరిగ్గా అదే: 1 కిలో పక్కన 250 గ్రాములు నిలబెట్టారు. కిలోను 1000 గ్రాములుగా మార్చి, 250ని 160తో గుణించి 1000తో భాగిస్తే 40 వస్తుంది. మీ మనవడికి మీరు నేర్చుకున్న పద్ధతిని కూడా చూపించండి, కానీ ఏకవస్తు పద్ధతి బాగా అలవాటైన తరువాతే. లేకపోతే మూడు అంకెలను ఏదో ఒక వరుసలో పేర్చడమే లెక్క అనుకుంటాడు.

ప్రశ్న: పదో తరగతి చదువుతున్నాను సార్. 3 పెన్నులు, 2 నోటు పుస్తకాల ఖరీదు 95 రూపాయలు. 2 పెన్నులు, 3 పుస్తకాల ఖరీదు 105. ఎక్స్ అంటే పెన్నులు, వై అంటే పుస్తకాలు అని రాస్తే మార్కు తగ్గించారు. ఎందుకు?
– విద్యార్థి, ఖమ్మం

జవాబు: ఎక్స్ అంటే పెన్నులు కాదు బాబూ, ‘ఒక పెన్ను ధర, రూపాయల్లో’. సమీకరణంలో పెన్నుల సంఖ్య 3 ముందే ఉంది. నువ్వు కనుక్కోవలసింది ధర. ఇప్పుడు సమీకరణాలు పక్కన పెట్టి రెండు బిల్లులనూ కలిపి చూడు: 5 పెన్నులు, 5 పుస్తకాలు 200 రూపాయలు, కాబట్టి ఒక పెన్నూ ఒక పుస్తకమూ కలిసి 40. మొదటి బిల్లులో అలాంటి జతలు రెండు, వాటికి 80 పోగా మిగిలిన ఒక్క పెన్ను 15 రూపాయలు, పుస్తకం 25. రెండో బిల్లులో వేసి చూడు: 30, 75 కలిపితే 105. పరీక్షలో మాత్రం ‘ఒక పెన్ను ధర ఎక్స్ రూపాయలు అనుకొనుము’ అన్న వాక్యంతోనే మొదలుపెట్టు.