చెరువు శిఖంలో పట్టా ఉంటే మట్టి పోసుకోవచ్చా?

ప్రశ్న: మా ఊరి చెరువులో రెండేళ్లుగా నీళ్లు లేవు. లోపల శిఖం (చెరువులో నీళ్లు నిలిచే నేల) పట్టా ఉన్నాయన ట్రాక్టర్లతో మట్టి తోలిస్తున్నాడు, అలుగు (చెరువు నిండాక నీళ్లు పొర్లిపోయే గట్టు) కూడా ఓ పక్క కొట్టేశారు. అడిగితే నా పట్టా నా ఇష్టం అంటున్నాడు. మేమేం చెయ్యాలి సార్?

జవాబు: పట్టా అనగానే చాలామంది వెనక్కి తగ్గుతారు, మీరు తగ్గొద్దండి. శిఖం పట్టా అంటే నీళ్లు తగ్గినప్పుడు సాగు చేసుకోవడం వరకే, మట్టి పోసి నీళ్లు నిలవకుండా చేసే హక్కు అందులో లేదు.

ఎండిపోయింది కాబట్టి చెరువు కాదు అన్నా చెల్లదు. హద్దు చూసేది ఎఫ్‌టీఎల్‌ (ఫుల్ ట్యాంక్ లెవెల్)ని బట్టి, అంటే అలుగు అంచుదాకా నిండితే నీళ్లు ఎక్కడిదాకా వస్తాయో ఆ గీత. అందుకే నాకు మట్టి కన్నా అలుగు సంగతే ఎక్కువ భయంగా ఉంది, అలుగు ఒక్క అడుగు దిగినా నీళ్లు చాలా దూరం లోపలికి జరిగిపోతాయి, రేపు సర్వేకొచ్చినోళ్లు ఇక్కడిదాకా నీళ్లే రావు కదా అంటారు, కింద ఆయకట్టు, చుట్టూ బోర్లు, చెరువుని నమ్ముకున్న కొంగలు, చేపలు అన్నీ పోతాయి.

2001లో హించ్‌లాల్ తివారీ కేసులో చెరువు జాగాలో ఇచ్చిన ఇళ్ల స్థలాలనే సుప్రీంకోర్టు రద్దు చేసింది. 2011లో జగ్‌పాల్ సింగ్ కేసులో అయితే ఎన్నేళ్లుగా ఆక్రమించుకున్నా, ఎంత ఖర్చుపెట్టి కట్టుకున్నా అది సాకు కాదని తేల్చేసింది.

ముందు అలుగు, మట్టి కుప్పలు తేదీ పడేలా ఫొటోలు తీయండి. తహసీల్దారుకి, ఇరిగేషన్ ఏఈకి వాల్టా (నీరు, భూమి, చెట్ల రక్షణ) చట్టం పేరు రాసి కంప్లైంట్ ఇచ్చి రసీదు తప్పకుండా తీసుకోండి, నోటిమాటగా చెప్పొస్తే ఏం చెప్పనట్టే. గ్రామ నక్షా, ఎఫ్‌టీఎల్ మ్యాప్ ఆర్టీఐలో అడగండి, 30 రోజుల్లో జవాబివ్వాలి. పాత క్రిమినల్ ప్రొసీజర్ కోడ్ (సీఆర్‌పీసీ) సెక్షన్ 133 ఇప్పుడు దాని బదులొచ్చిన కొత్త చట్టం బీఎన్‌ఎస్‌ఎస్‌లో సెక్షన్ 152 అయింది, దాని కింద ఎగ్జిక్యూటివ్ మేజిస్ట్రేట్ అడ్డంకి తీయించమని ఆర్డర్ వెయ్యొచ్చు. మీరే వెళ్లి మట్టి ఎత్తిపొయ్యకండి, కేసు మీమీదకి తిరుగుతుంది.

ఎవరూ కదలకపోతే హైకోర్టులో రిట్ వెయ్యొచ్చు, లేదా పర్యావరణ కేసులు చూసే చెన్నైలోని గ్రీన్ ట్రిబ్యునల్‌కి వెళ్లొచ్చు. ట్రిబ్యునల్‌కైతే సెక్షన్ 14 కింద వివాదం మొదలైన ఆరు నెలల్లోపు వెయ్యాలి, ఆలస్యానికి సరైన కారణం చూపిస్తే ఇంకో 60 రోజులు, అంతే. కాబట్టి మొదటి ట్రాక్టర్ ఏ రోజు దిగిందో ఇవాళే ఊళ్లో కనుక్కుని రాసి పెట్టుకోండి.