తహసీల్దారుకు హైకోర్టు ఇచ్చిన గడువు దాటినా ఆఫీసులో కదలిక లేదు, కంటెంప్ట్ (కోర్టు ధిక్కరణ కేసు) వేయొచ్చా?

వేయొచ్చండి, కానీ ముందు ఆర్డర్‌లో చివరి పేరా నింపాదిగా చదవండి. మ్యుటేషన్ (భూమి రికార్డుల్లో పేరు మార్పు) దరఖాస్తు మీద ఎనిమిది వారాల్లో నిర్ణయం తీసుకోమని తహసీల్దారుకు కోర్టు చెప్పిందని రాశారు కదా, అంటే ఏదో ఒకటి తేల్చమంది తప్ప మ్యుటేషన్ చేసి తీరాలని అనలేదు. కంటెంప్ట్ నోటీసు అందగానే ఆయన మీ దరఖాస్తు తిరస్కరిస్తూ ఒక కాగితం ఇచ్చేస్తే ఆ కేసు దాదాపు అక్కడితో అయిపోయినట్టే. ఆ తిరస్కరణ తప్పుల తడకైనా సరే, దాని మీద అప్పీలో, హైకోర్టులో కొత్త రిట్ పిటిషనో వేసుకోవాల్సిందే, కంటెంప్ట్‌లో దాని మంచిచెడ్డలు చూడరు. 1996లో జె.ఎస్. పరిహార్ కేసులో సుప్రీంకోర్టు ఈ మాట తేల్చి చెప్పింది.

మా నాన్నగారి రిటైర్మెంట్ బకాయిల ఆర్డర్ అలా కాదు, ఫలానా గడువులోగా డబ్బు చెల్లించాలని స్పష్టంగా ఉంది. గడువు దాటాక ఆఫీసుకు ఎప్పుడు వెళ్లినా "ఫైలు పైకి పంపాం, అప్పీలుకు వెళ్తున్నాం" అనేవారు. అప్పీలు వేసినంత మాత్రాన ఆర్డర్ ఆగదండి, స్టే తెస్తేనే ఆగుతుంది, ఈ మాటకు భయపడి చాలామంది ఊరికే కూర్చుండిపోతారు, అది చూస్తే నాకు బాధేస్తుంది. చివరికి కంటెంప్ట్ వేశాం. కోర్టుకిచ్చిన జవాబులో (కౌంటర్‌లో) వాళ్లు రాసిన మొదటి సాకు, ఆర్డర్ కాపీ తమకు ఆలస్యంగా అందిందని. ఆఫీసులో సర్టిఫైడ్ కాపీ ఇచ్చిన రోజే మా జిరాక్సు మీద ఇన్‌వర్డ్ స్టాంపు (అందినట్టు వేసే ముద్ర), తేదీ, గుమాస్తా పొట్టి సంతకం వేయించుకున్నాం, మా లాయరు గారు ఆ కాగితం చూపించాక ఇక ఆ వాదన నిలవలేదు. తర్వాతి వాయిదాలోపే నాన్నగారి ఖాతాలో డబ్బు పడింది, కేసు మూసేశారు. అధికారిని జైలుకు పంపాలని మేం పట్టుబట్టలేదు, మాకు కావాల్సింది ఆర్డర్ అమలు.

చట్టంలో శిక్ష ఆరు నెలల వరకు సాధారణ జైలు, లేదా 2,000 రూపాయల వరకు జరిమానా, లేదా రెండూ. మనస్ఫూర్తిగా క్షమాపణ చెబితే మాఫీ చేయొచ్చు కూడా. అందుకే అధికారులకు లెక్కలేదని అనుకోకండి, గుంటూరు జిల్లాలో హైకోర్టు వద్దన్నా గుడిసెలు కూల్చిన ఒక తహసీల్దారు ఆ తర్వాత డిప్యూటీ కలెక్టర్ అయితే, 2025 మేలో సుప్రీంకోర్టు ఆయన్ను మళ్లీ తహసీల్దారు స్థాయికి దించి లక్ష రూపాయల జరిమానా వేసింది.

ధిక్కరణ జరిగిన నాటి నుంచి ఏడాదిలోపు పిటిషన్ పడాలి, మీ విషయంలో ఆ లెక్క గడువు ముగిసిన రోజు నుంచి. "ఈ నెల చూద్దాం, వచ్చే నెల చూద్దాం" అంటూ ఇది దాటబెట్టుకోవద్దు. కేసు అధికారి పేరు మీద వేస్తారు కాబట్టి గడువు నాటికి ఆ సీట్లో ఎవరున్నారు, మధ్యలో బదిలీ అయ్యారా అన్నది ముందే కనుక్కోండి. ఆర్డర్ కాపీతో లాయర్ నోటీసు కూడా ఒకటి పంపండి, కావాలనే అమలు చేయలేదని చూపించడానికి అది పనికొస్తుంది. ఫీజు భారమైతే హైకోర్టు న్యాయసేవల కమిటీలో అడగండి, మహిళలకు, ఎస్సీ, ఎస్టీలకు ఆదాయంతో పనిలేకుండా ఉచితంగా లాయర్ని ఇస్తారు.