జీవో ముందు, జనం తర్వాత

తమ్ముడూ,

ఫిలిప్పీన్స్‌లోని కలయాన్ మున్సిపాలిటీ (దక్షిణ చైనా సముద్రంలో కొన్ని దీవులు, జనం ఉండేది పాగాసా దీవిలో) మీద నువ్వు పంపిన వ్యాసం చదివి నాలుగు రోజులైంది, లేటుగా రాస్తున్నా ఏమనుకోకు. 1978 జూన్ 11న ప్రెసిడెంట్ మార్కోస్ 1596 నంబర్ డిక్రీ, అంటే మన జీవో లాంటిది, ఇచ్చి ఆ దీవుల్ని మున్సిపాలిటీ చేశాడు, పలావాన్ ప్రావిన్స్‌లో కలిపాడు అని ఎత్తుకున్నావు చూడు, తప్పేం లేదు, కానీ గెజిట్ చదువుతున్నట్టుంది.

ఏ ఊళ్ళోనైనా ముందు నలుగురు వచ్చి గుడిసెలేసుకుంటారు, బావి తవ్వుకుంటారు, ఎప్పటికో సర్కారుకి గుర్తొస్తుంది. ఇక్కడ రివర్స్ కదా! ముందు జీవో వచ్చింది. ఇరవై ఏళ్ళు దాటాక గానీ పాగాసా దీవిలో మామూలు కుటుంబాలు కాపురాలు పెట్టలేదు, అప్పటిదాకా ఎక్కువగా సైనికులే. దీన్ని ఆరో పేరాలో ఒక్క లైన్లో తేల్చేశావేంట్రా?

ఇంక ఆ టోమాస్ క్లోమా. లాయరు, నౌకల స్కూలు ఓనరు, 1956లో ఈ దీవులు నావే అని చెప్పి ఫ్రీడమ్‌ల్యాండ్ అని పేరు కూడా పెట్టేసుకున్నాడు, మార్షల్ లా టైంలో అతన్ని జైల్లో పెట్టి 1974లో ఆ హక్కు ప్రభుత్వానికి రాయించుకున్నారు, ఎంతకి, ఒక్క పెసోకి, అంటే వాళ్ళ రూపాయికి. నువ్వేమో నామమాత్రపు ధర అన్నావు. ఒక్క పెసో అని రాయి బాబూ! కలయాన్ అంటే స్వేచ్ఛ, పాగాసా అంటే ఆశ, ఆ రెండూ చెప్పి ఊరుకో, కవిత్వం అల్లకు, నీ వయసులో నేను అల్లి తిట్లు తిన్నా.

2020 జనాభా లెక్కల్లో 193 మంది అని రాశావు, ఆ అంకెని పనిలో పెట్టు. ఉన్నది ఒకటే బరంగాయ్, అంటే వార్డు లాంటిది. మేయరు, వైస్ మేయరు, ఎనిమిది మంది కౌన్సిలర్లు, బరంగాయ్‌కి మళ్ళీ ఒక కెప్టెన్, ఏడుగురు సభ్యులు. దాదాపు పదకొండు మందికో నాయకుడు! చదివేవాడు నవ్వుకుంటాడు, ఆ వెంటనే బడి సంగతి చెప్పు, 2012లో బడి పెట్టేదాకా పిల్లలు చదువుకోవాలంటే సముద్రం దాటి పలావాన్ ప్రధాన దీవికి వెళ్ళాల్సిందే.

చైనా, తైవాన్, వియత్నాం కూడా ఆ దీవి మాదే అంటున్నాయి, అది దాచకు, అలాగని వ్యాసమంతా యుద్ధనౌకలతో నింపకు, నీ సబ్జెక్ట్ మున్సిపల్ ఆఫీసు.

బడితో మొదలుపెట్టి చూడు, డిక్రీ నంబరు మధ్యలో ఎక్కడో పడేయ్. అచ్చుతప్పులు పెన్సిల్‌తో గీశా, ఫోటో తీసి వాట్సాప్ చేస్తా.