నార్వే తీరంలో తెరచాప: పాఠకుల ప్రశ్నలు, మా జవాబులు

హుస్సేన్ సాగర్‌లో పడవ నడిపేవారూ, వేసవి సెలవుల్లో నార్వే ఓడ ఎక్కాలనుకునేవారూ రాసిన ఉత్తరాల్లోంచి కొన్ని ఎంచి ఈ సంచికలో జవాబులిస్తున్నాం. ఒకే విషయం మీద వచ్చిన ప్రశ్నలను కలిపేశాం.

ప్రశ్న: హుస్సేన్ సాగర్‌లో మూడేళ్లుగా లేజర్ (ఒక్కరే నడిపే చిన్న తెరచాప) పడవ నడుపుతున్నాను. వచ్చే జులైలో ముగ్గురు మిత్రులతో బెర్గన్‌లో 35 అడుగుల తెరచాప పడవ వారం రోజులకు అద్దెకు తీసుకుని, సోగ్నె ఫియోర్డ్ (కొండల మధ్యకు చొచ్చుకొచ్చిన సముద్రపు పాయ) లోపల ఫ్లోమ్ ఊరి దాకా వెళ్లి రావాలని ఉంది. నా అనుభవం సరిపోతుందా? లైసెన్సు కావాలా?
(మారేడ్‌పల్లి నుంచి ఒక పాఠకుడు)

జవాబు: ముందు లైసెన్సు సంగతి. నార్వేలో 1980 జనవరి 1న గానీ, ఆ తర్వాత గానీ పుట్టినవారు 8 మీటర్లకు మించిన పడవను, లేదా 25 హార్స్‌పవర్‌కు మించిన ఇంజిన్‌ను నడపాలంటే పత్రం ఉండాలి. 35 అడుగులంటే 10 మీటర్లు దాటినట్టే. చట్టం సంగతి అటుంచి, పడవ అద్దెకిచ్చేవారు వయసుతో పని లేకుండా పత్రం అడుగుతారు. బ్రిటన్‌లోని ఆర్‌వైఏ (రాయల్ యాచింగ్ అసోసియేషన్) వారి డే స్కిప్పర్ ప్రాక్టికల్ కోర్సు చేయండి. అది అయిదు రోజులు. ఇక్కడ చాలామంది గమనించని మెలిక ఒకటుంది: ఆ సర్టిఫికెట్ మీద ఆటుపోట్లున్న నీళ్లలో నేర్చారా, లేని నీళ్లలోనా అన్నది రాసి ఉంటుంది. గ్రీసులో చేస్తే రెండోదే వస్తుంది. నార్వే కోసమైతే ఇంగ్లండ్ దక్షిణ తీరం లాంటి చోట చేయడం మేలు. మీ దగ్గరున్న పత్రం చాలునా అని అద్దెకిచ్చేవారిని ముందే అడిగి, జవాబు రాతపూర్వకంగా తీసుకోండి.

అనుభవం పనికొస్తుంది కానీ సరిపోదు. సాగర్‌లో ఒడ్డు భవనాల మీదుగా వచ్చే గాలి ఉన్నట్టుండి దిక్కు మారినప్పుడు తెరచాప సర్దడం మీకు అలవాటే. ఫియోర్డ్‌లో కొండ మీంచి విసురుగా దిగే గాలికి అదే చేయి కావాలి. అయితే మీ లేజర్‌కు ఇంజిన్ లేదు, లంగరు వేసే పనీ లేదు. ఫియోర్డ్ లోపల గాలి పూర్తిగా పడిపోయి సగం దారి ఇంజిన్ మీదే వెళ్లాల్సి రావచ్చు. ఆ సైజు పడవ గంటకు 3 నుంచి 4 లీటర్ల డీజిల్ తాగుతుంది. ఫియోర్డ్ లోపలికి పోయేకొద్దీ పంపులు దూరమవుతాయి కాబట్టి ట్యాంకు సగానికి రాగానే నింపుకోవాలి.

వారం రోజుల్లో ఫ్లోమ్ మాత్రం కుదరదు. సోగ్నె ఫియోర్డ్ ఒక్కటే 200 కిలోమీటర్లకు పైన పొడవు. బెర్గన్ నుంచి రానుపోను 250 నాటికల్ మైళ్లు దాటుతుంది. 5 నాట్ల (గంటకు 5 నాటికల్ మైళ్ల) వేగంతో రోజుకు 6 గంటలు నడిపితే 30 మైళ్లు. అంటే ఒక్క రోజూ ఆగకుండా, ఒక్క రోజూ వాతావరణం చెడకుండా ఎనిమిది రోజులు దాటుతుంది. తిరిగి అప్పగించే తేదీ తరుముతుంటే మంచి నిర్ణయాలు రావు. వారమే ఉంటే దక్షిణంగా హార్డంగర్ ఫియోర్డ్ ముఖద్వారం, రోసెండాల్ వైపు వెళ్లండి. సోగ్నె లోపలికే వెళ్లాలనుకుంటే రెండు వారాలు తీసుకోండి, అందులో మూడు రోజులు ఖాళీగా వదిలేయండి.

ప్రశ్న: ఫియోర్డ్‌లో లంగరు వేయడం కష్టమంటారు. నిశ్చలంగా ఉండే నీళ్లే కదా, ఎందుకు? మరి రాత్రి పడవ ఎక్కడ ఆపుతారు?
(తార్నాక, కూకట్‌పల్లి పాఠకులు)

జవాబు: నీళ్ల నిశ్చలత్వంతో ఇబ్బంది లేదు. ఇబ్బంది లోతుతోనే. హిమానీనదాలు కోసుకుపోయిన లోయలోకి సముద్రం చొచ్చుకొస్తే ఫియోర్డ్ అయింది. కొండ నీటి పైన ఎంత నిటారుగా ఉందో నీటి కింద కూడా అంతే నిటారుగా దిగుతుంది. సోగ్నె ఫియోర్డ్ అత్యధిక లోతు దాదాపు 1,300 మీటర్లు. ఒడ్డు రాయిని చేత్తో తాకగలిగేంత దగ్గరగా ఉన్నా పడవ కింద 50 మీటర్ల నీరు ఉండొచ్చు. లంగరు పట్టాలంటే లోతుకు కనీసం 4 రెట్లు గొలుసు వదలాలి, గొలుసూ తాడూ కలిపి వాడితే 6 రెట్లు. అద్దె పడవలో సాధారణంగా 50, 60 మీటర్లే ఉంటుంది. అంటే 12 మీటర్ల లోతు దాటితే ఆ లంగరును నమ్ముకోకూడదు.

ఫియోర్డ్ కొసన నది కలిసే చోట మేట వేసి నీటి లోతు తగ్గుతుంది. చార్టు (సముద్ర పటం) మీద చూస్తే లంగరుకు అనువుగానే కనిపిస్తుంది. మోసం అక్కడే ఉంది. ఆ మేట అంచు గోడలా ఉంటుంది. డెప్త్ మీటరు 40 మీటర్లు చూపిస్తూ చూపిస్తూ, ఒక పడవ పొడవు ముందుకు జరిగేసరికి 2 మీటర్లకు వచ్చేస్తుంది. మీ కీల్ (పడవ అడుగున ఉండే బరువైన రెక్క) 1.8 మీటర్లు కిందికి ఉంటుంది. ఒకవేళ లంగరు పడినా, రాత్రి కొండగాలి మొదలై పడవను లోతు వైపు లాగితే అది అంచు మీంచి జారి గొలుసుకు వేలాడుతుంది.

అందుకే మొదటి ఎంపిక గెస్ట్ హార్బర్లు, అంటే బయటి పడవలు ఆపుకునే రేవులు. చిన్న ఊళ్లలో కూడా పాంటూన్ (నీటిపై తేలే గట్టు), మంచినీళ్లు, కరెంటు దొరుకుతాయి. రెండోది అక్కడివాళ్లు తరతరాలుగా చేసే పద్ధతి: వెనుక లంగరు, ముందు రాయికి తాడు. బయటి దీవుల మధ్య ఇది చాలా బాగా కుదురుతుంది.

గాలి రాయి మీంచి మీ వైపు వీచే చోటు ఎంచుకోండి. గాలి రాయి వైపు తోస్తుంటే అక్కడ ఆపకండి. వీలైతే ముందు డింగీలో (వెంట ఉండే చిన్న పడవలో) వెళ్లి బరువు కట్టిన తాడుతో రాయి పక్కన లోతు చూడండి. పడవ రాయికి నాలుగు పడవల దూరంలో ఉండగా వెనుక నుంచి లంగరు వదిలి, అతి నెమ్మదిగా ముందుకు నడపండి. తాడు వదిలే మనిషి వదలడం తప్ప వేరే పని పెట్టుకోకూడదు. తాడు వదులై ప్రొపెల్లర్‌కు చుట్టుకోవడం ఈ పనిలో అన్నిటికంటే ఎక్కువగా జరిగే పొరపాటు. సగం దూరం వచ్చాక తాడును ఒక్కసారి బిగపట్టి చూడండి. పడవ ఆగితే లంగరు నేల పట్టినట్టు. ఆగకుండా సాగిపోతే మళ్లీ ఎత్తి మొదటికి రావాల్సిందే. ముందున్న మనిషి తాడు పట్టుకుని రాయి మీదకు అడుగేయాలి, దూకకూడదు. నాచు పట్టిన రాయి మీద దూకి కాలు విరిగితే ఆసుపత్రి గంటల దూరంలో ఉంటుంది.

ముందు నుంచి రెండు తాళ్లు, కుడికొకటి ఎడమకొకటి, వాలుగా కట్టండి. గాలి పక్కకు తిరిగినప్పుడు పడవను నిలబెట్టేది ఆ వాలే. కొన్నిచోట్ల రాతిలో ఇనుప రింగులు ముందే ఉంటాయి. లేనిచోట రాతి చీలికలో రింగున్న ఇనుప మేకు దిగ్గొట్టాలి. కొడుతున్నప్పుడు చెవి పెట్టండి: దెబ్బ దెబ్బకూ శబ్దం సన్నబడి ఖంగుమంటుంటే మేకు బిగుసుకుంటోంది, డొల్లగా మోగితే చీలిక మారండి. లాగుడు మేకుకు అడ్డంగా పడాలి, ఊడబెరికే దిశలో పడకూడదు. చెట్టుకు కడితే బెరడు కోసుకుపోకుండా వెడల్పాటి పట్టీ వాడండి. చివరగా వెనుక తాడు బిగించి పడవను రాయికి రెండు మూడు మీటర్ల దూరానికి లాగండి. ఆటుపోట్ల తేడా బెర్గన్ ప్రాంతంలో మీటరు చిల్లర ఉంటుంది, ఉత్తరాన లోఫోటెన్ దీవుల వైపు అంతకు రెట్టింపు దాకా పోతుంది. నీరు ఎక్కువున్నప్పుడు కట్టి నిద్రపోతే, దిగాక కీల్ రాయి మీద కూర్చుంటుంది.

ప్రశ్న: బెర్గన్ నుంచి ఓలెసుండ్ వెళ్లాలంటే స్టాడ్ అనే చోటు దాటాలి, అది ప్రమాదకరం అని విన్నాం. ఎప్పుడు దాటవచ్చో ఎలా తేల్చుకోవాలి?
(సైనిక్‌పురి పాఠకుడు)

జవాబు: నార్వే తీరం పొడవునా బయట దీవుల వరస అడ్డుగోడలా నిలిచి సముద్రపు దెబ్బ కాచుకుంటుంది. కొన్నిచోట్ల ఆ గోడ తెగిపోతుంది. అందులో పేరుమోసింది స్టాడ్. కొండ సూటిగా సముద్రంలోకి పొడుచుకొస్తుంది, చాటు ఉండదు, వచ్చిన అల కొండను కొట్టుకుని వెనక్కి మళ్లి, కొత్త అలతో ఢీకొంటుంది.

నార్వే వాతావరణ సంస్థ గాలిని సెకనుకు మీటర్లలో చెబుతుంది. దాన్ని రెట్టింపు చేస్తే సుమారుగా నాట్లు. మొదటిసారి దాటేవారికి మేము చెప్పే హద్దు ఇది: గాలి 8 మీటర్ల లోపు, అలల ఎత్తు మీటరున్నర లోపు. ఆ అంకె సగటు లెక్క, మధ్యలో దానికి రెట్టింపు ఎత్తున ఒక్క అల వస్తుందని ముందే అనుకోండి. గాలి తగ్గిన రోజే బయలుదేరకండి. తుపాను పోయినా దూరం నుంచి వచ్చే పొడవాటి అలలు ఒకటి రెండు రోజులు ఆగవు. మోలోయ్‌లోనో సెల్యేలోనో ఆగి, క్రోకెనెస్, స్వినోయ్ దీపస్తంభాల దగ్గర నమోదైన గాలిని చూడండి. సూచన ఏం చెప్పినా ఇప్పుడు వీస్తున్నది తెలియాలి. దాటేటప్పుడు ఒడ్డుకు రెండు మూడు మైళ్లు ఎడంగా పోతే వెనక్కి మళ్లే అలల బాధ తగ్గుతుంది.

ఇంకొకటి. అన్నాళ్లూ చక్కగా నడిచిన ఇంజిన్ సరిగ్గా ఇలాంటి చోటే ఆగిపోతుంది. కారణం ఉంది. ట్యాంకు అడుగున పేరుకున్న మడ్డి పడవ ఊగిసలాటకు పైకి లేచి డీజిల్ ఫిల్టర్‌ను మూసేస్తుంది. ముందు రోజు హార్బర్‌లో ఫిల్టర్ గిన్నె అడుగు మర తిప్పి ఒక గాజు సీసాలోకి కొంచెం డీజిల్ పట్టండి. కింద నీరు గానీ నల్లటి నలుసులు గానీ కనిపిస్తే ఫిల్టర్ అక్కడే మార్చేయండి. మార్చాక గాలి తీసే మర వదులు చేసి, బుడగలు లేని డీజిల్ వచ్చేదాకా చేతిపంపు నొక్కి, మర బిగించాలి. ఈ పని ఒడ్డున ఒకసారి చేసి చూడని మనిషి అలల మధ్య చేయలేడు. పెద్ద ఓడలకూ ఊగిసలాట తిప్పలు తప్పవు. 2019 మార్చిలో వైకింగ్ స్కై అనే విహార నౌక, ఇంతకంటే ఉత్తరాన ఉన్న హుస్టాద్‌వికా అనే చాటు లేని చోట, దాదాపు 1,370 మందితో ఇంజిన్లన్నీ ఆగి రాళ్ల వైపు కొట్టుకుపోయింది. ఇంజిన్ ఆయిల్ మట్టం తక్కువగా ఉండటం, ఓడ ఊగినప్పుడు పంపులకు ఆయిల్ అందకపోవడం అందుకు కారణం.

ప్రశ్న: బోడో దగ్గర సాల్ట్‌స్ట్రావ్‌మెన్ సుడులలోంచి పడవలో వెళ్లవచ్చా?
(ఉప్పల్ పాఠకురాలు)

జవాబు: ప్రవాహం తారస్థాయిలో ఉన్నప్పుడు వద్దు. దాదాపు 150 మీటర్ల వెడల్పు సందులోంచి ఆరు గంటలకోసారి దిక్కు మార్చుకుంటూ నీరు దూకుతుంది, వేగం 20 నాట్ల దాకా పోతుందంటారు. మీ పడవ వేగం 6. ప్రవాహం తిరిగే ఆ కాసేపు నీరు నిలకడగా ఉంటుంది. ఆ సమయం స్థానిక పట్టికలో చూసుకుని, పావుగంట ముందే అక్కడికి చేరి దాటాలి. సుడులు చూడటమే మీ కోరికైతే వంతెన మీంచి చాలా బాగా కనిపిస్తాయి.

ప్రశ్న: జులైలో కూడా నీళ్లు అంత చల్లగా ఉంటాయా? బట్టలేం తీసుకెళ్లాలి?
(మియాపూర్ పాఠకుడు)

జవాబు: బెర్గన్ వైపు నీరు 12 నుంచి 15 డిగ్రీలు, ఉత్తరాన ఇంకా తక్కువ. పడిన మొదటి నిమిషం ఊపిరి అదుపులో ఉండదు, పది నిమిషాల్లో చేతులు పట్టు తప్పుతాయి, గంట గడిచేసరికి స్పృహ తప్పే స్థితి రావచ్చు. ఈతగాళ్లకూ ఇంతే. కాబట్టి లైఫ్ జాకెట్ కాళ్ల మధ్య పట్టీతో సహా బిగించుకోండి. పట్టీ లేకపోతే నీళ్లలో జాకెట్ పైకి జారి తలే మునుగుతుంది. గ్యాస్ సిలిండర్ మర చేత్తో బిగించి చూడండి, అది మెల్లగా వదులవుతుంటుంది. జాకెట్ అక్కడే అద్దెకు తీసుకుంటే విమానంలో సిలిండర్ గురించి వాదన ఉండదు. లోపల ఉన్ని బనియన్లు వేసుకోండి. నూలు తడిస్తే ఆరదు, ఒంటి వేడి లాగేస్తుంది. జీన్స్ ఇంట్లోనే వదిలేయండి. ఆపదలో వీహెచ్‌ఎఫ్ రేడియోలో 16వ ఛానెల్, ఫోనైతే 120.

ప్రశ్న: మేం శాకాహారులం. పడవలో ప్రెషర్ కుకర్ వాడొచ్చా? నెయ్యి, పచ్చళ్లు తీసుకెళ్లొచ్చా?
(నల్లకుంట పాఠకురాలు)

జవాబు: నెయ్యి, పాలపొడి, పాలకోవా వద్దు. యూరప్ బయటి నుంచి పాల పదార్థాలు, మాంసం సొంతానికి తీసుకెళ్లడం నిషేధం. ఆవకాయ, కందిపొడి, ఎండబెట్టిన కరివేపాకు, ఇంగువ తీసుకెళ్లండి. ఆవకాయ సీసాలో వద్దు. మూత గట్టిగా బిగిసే ప్లాస్టిక్ డబ్బాలో పెట్టి, నూనె కారకుండా రెండు కవర్లు చుట్టండి.

3 లీటర్ల కుకర్ పడవకు చాలా మంచి వస్తువు. మూత బిగుసుకుని ఉంటుంది కాబట్టి ఒలకదు, గ్యాసూ కలిసొస్తుంది. కానీ పడవ కట్టి ఉన్నప్పుడే పెట్టండి. పడవ స్టవ్ అలకు తగ్గట్టు ఊగేలా వేలాడదీసి ఉంటుంది, పైన బరువు పడితే ఎదురు ఊగుతుంది. వంట అవగానే సిలిండర్ దగ్గరి వాల్వ్ కూడా మూయండి. లీకైన గ్యాస్ గాలికంటే బరువు, పైకి పోకుండా పడవ అడుగున నిలిచిపోతుంది, ఇంజిన్ స్టార్ట్ చేసే నిప్పురవ్వ దానికి చాలు. కుకర్ ఆవిరి చల్లటి అద్దాల మీద నీరై పరుపులను తడిపేస్తుంది కనుక పై కిటికీ కొద్దిగా తెరిచి ఉంచండి.

ప్రశ్న: మా అమ్మకు 68 ఏళ్లు. తెరచాప పడవలు ఆమె వల్ల కాదు. బెర్గన్ నుంచి కిర్కెనెస్ వెళ్లే కోస్తా ఓడలో తీసుకెళ్లాలని ఉంది. కడుపులో తిప్పడం ఎక్కువగా ఉంటుందా?
(వనస్థలిపురం పాఠకురాలు)

జవాబు: తీసుకెళ్లండి. 1893 నుంచి నడుస్తున్న మార్గం అది. ఇప్పుడు హుర్టిగ్రూటెన్, హవిలా అనే రెండు సంస్థలు నడుపుతున్నాయి. 34 రేవులు, రానుపోను 12 రోజులు. విహార నౌకలా కాదు, సరుకూ స్థానికులూ ఎక్కి దిగే ఓడ. కొన్ని రేవుల్లో పావుగంటే ఆగుతుంది, అర్ధరాత్రి కూడా ఆగుతుంది. ఓడ ముందు భాగంలో కంటే మధ్యలో, కింది అంతస్తులో గది అడగండి, అక్కడ ఊపు తక్కువ. ఊగేది కొద్దిచోట్లే: మొదటి రాత్రి గడిచి తెల్లవారేవేళ స్టాడ్, తర్వాత హుస్టాద్‌వికా, బోడో నుంచి లోఫోటెన్ దాటే మూడు నాలుగు గంటలు, చివర బారెంట్స్ సముద్రం. మాత్ర వాడేదుంటే ఊపు మొదలయ్యాక కాదు, గంట ముందు. బీపీ, షుగర్ మందులతో పడుతుందో లేదో మీ డాక్టరును అడగండి. గెయిరాంగర్ ఫియోర్డ్ చూడాలంటే వేసవిలోనే వెళ్లాలి, మిగతా కాలాల్లో ఓడ అందులోకి పోదు. షెంగెన్ వీసాకు ఆరు నెలల ముందు నుంచి దరఖాస్తు చేయవచ్చు, 30,000 యూరోల వైద్య బీమా తప్పనిసరి. శాకాహారం సంగతి టికెట్ కొన్నప్పుడే రాయించండి.

ప్రశ్న: అక్కడి బోయాల (నీటిపై తేలుతూ దారి చూపే గుర్తుల) రంగులు మన దేశంలోలాగే ఉంటాయా? పసుపు బోయాలు ఏమిటి?
(హబ్సిగూడ పాఠకుడు)

జవాబు: ఒకటే పద్ధతి. సముద్రం నుంచి లోపలికి వస్తుంటే ఎరుపు ఎడమకు, ఆకుపచ్చ కుడికి. తీరం వెంట దక్షిణం నుంచి ఉత్తరానికి పోతున్నా ఇదే లెక్క, తిరుగు ప్రయాణంలో తారుమారు. రాతి గుట్టల మీద చేయి చాచినట్టు ఒక పలక ఉంటే, అది చూపేవైపు లోతైన దారి. రాత్రి దీపస్తంభం తెల్లగా కనిపిస్తే దారిలో ఉన్నారు, ఎరుపో ఆకుపచ్చో కనిపిస్తే పక్కకు జరిగారు. పసుపు బోయాలు ఎక్కువగా చేపల పెంపకం బోనులవి. వాటికి 20 మీటర్ల లోపు వెళ్లకూడదు, 100 మీటర్ల లోపు గాలం వేయకూడదు. బోనులను పట్టి ఉంచే లంగరు తాళ్లు నీటి కింద వందల మీటర్లు పరుచుకుని ఉంటాయి, కాబట్టి చుట్టుపక్కల మీ లంగరు కూడా వేయకండి.