పాఠకుల ప్రశ్నలు: నిర్మాత అంటే డబ్బు పెట్టేవారేనా?

ప్రశ్న: విశాఖపట్నంలో జరిగే షూటింగులకు పదిహేనేళ్లుగా ప్రొడక్షన్ మేనేజరుగా పనిచేస్తున్నాను. భీమిలి రోడ్డులో లొకేషన్ అనుమతులు, జూనియర్ ఆర్టిస్టుల బేటాలు, యూనిట్ భోజనాలు, ఇవే నా పనులు. ఈమధ్య సెనెగల్ దర్శకుడు ఉస్మాన్ సెంబెన్ 1975లో తీసిన ‘ఖాలా’ చూశాను. దాని నిర్మాత పోలిన్ సుమానూ వియెరా అని తెలిసింది. ఆయన ధనవంతుడా? లేక దర్శకుడిని కావాలని వచ్చి మేనేజరుగా మిగిలిపోయిన నాలాంటివారా?
– ఒక పాఠకుడు, ఎం.వి.పి. కాలనీ, విశాఖపట్నం

జవాబు: వియెరా ధనవంతుడు కారు. నిర్మాత అనగానే మనకు పెట్టుబడి పెట్టినవారే గుర్తుకొస్తారు కానీ, ఆయన చేసిన పనికి మన పాత చిత్రాల టైటిల్స్‌లో కనిపించే ‘నిర్మాణ నిర్వహణ’ అన్న మాటే దగ్గరగా ఉంటుంది. 1925లో నేటి బెనిన్ దేశంలోని పోర్టో నోవోలో పుట్టి, చిన్నతనంలోనే చదువు కోసం ఫ్రాన్స్ వెళ్లి, పారిస్‌లోని ‘ఇడెక్’ చలనచిత్ర విద్యాలయంలో పట్టా పుచ్చుకున్న తొలి ఆఫ్రికన్ ఆయన.

ఆయనకు మొదట ఎదురైన చిక్కు మీకు బాగా తెలిసినదే: అనుమతి. ఫ్రెంచి పాలనలోని ఆఫ్రికాలో, కథనూ పనిచేసేవారి వివరాలనూ ముందుగా ప్రభుత్వానికి సమర్పించి ఒప్పించుకోనిదే సినిమా తీయరాదని 1934లో వచ్చిన ఉత్తర్వు ఒకటి అమలులో ఉండేది. అందువల్ల ఆయనా, ఆయన మిత్రులూ 1955లో కెమెరాను పారిస్ వీధుల్లోకే తీసుకువెళ్లి, అక్కడ బతుకుతున్న ఆఫ్రికన్ల మీద ‘ఆఫ్రిక్ సుర్ సెన్’ అనే లఘుచిత్రం తీశారు. ఆఫీసుల చుట్టూ తిరిగి విసిగి, చివరికి లొకేషన్ మార్చుకున్న అనుభవం మీకూ ఉండే ఉంటుంది. ఆయన ఏకంగా ఖండమే మార్చుకోవలసి వచ్చింది.

1960లో సెనెగల్ స్వతంత్రమైన తరువాత అక్కడి ప్రభుత్వ వార్తాచిత్రాల విభాగానికి ఆయన అధిపతి అయ్యారు. ఆ రోజుల్లో తీసిన నెగటివ్ డబ్బాలు ప్రాసెసింగుకు డాకర్ నుంచి పారిస్ వెళ్లవలసిందే. రషెస్, అంటే చూసుకోవడానికి వేసిన తొలి ప్రింట్లు, తిరిగి వచ్చేదాకా షాట్ కుదిరిందో లేదో దర్శకుడికి తెలియదు. మన తీరాన తీసిన నెగటివ్ మద్రాసు ల్యాబుకు వెళ్లిన రోజులు చూసిన పెద్దలకు ఈ ఆదుర్దా గురించి వేరే చెప్పనక్కరలేదు. ఏ డబ్బా ఎప్పుడు బయలుదేరింది, ఇంకా ఎంత ఫిలిం మిగిలింది, ఎవరికి ఎంత ఇవ్వాలి అన్న లెక్క తలలో పెట్టుకుని తిరిగే మనిషి ఒకరు లేకపోతే, దర్శకుడు ఎంతటి ప్రతిభావంతుడైనా అటువంటి చోట సినిమా పూర్తికాదు. సెంబెన్‌కు ఆ మనిషి వియెరా.

పూర్తయిన సినిమాకూ గండాలు తప్పలేదు. సెంబెన్ 1977లో తీసిన ‘చెడ్డో’ను సెనెగల్‌లో నిషేధించడానికి చెప్పిన కారణం వింటే మీరు నవ్వుతారు: పేరులో వర్ణక్రమ దోషమట! మన లిపిలో చెప్పాలంటే డకు వత్తు ఇవ్వాలా వద్దా అన్నదే తగాదా. దేశాధ్యక్షుడు సెంఘోర్ స్వయంగా కవి, భాషాభిమాని. ఒక్క డ చాలన్నది ప్రభుత్వ నియమం, రెండూ ఉండవలసిందేనన్నది సెంబెన్ పట్టు. మతవ్యాప్తిని ఆ చిత్రం విమర్శనాత్మకంగా చూపడమే అసలు కారణమని చాలామంది నమ్మారు. నేనూ అలాగే అనుకుంటాను.

ఇక ‘మిగిలిపోయారా’ అన్న ప్రశ్న. ఆయన దర్శకత్వం మానలేదు. సెనెగల్ కుస్తీ మీద 1963లో తీసిన ‘లాంబ్’ వంటి లఘుచిత్రాలు చాలానే ఉన్నాయి. 1975లో ఆఫ్రికా సినిమా చరిత్ర మీద ఒక పెద్ద గ్రంథం కూడా వెలువరించారు. పూర్తి నిడివి కథాచిత్రం మాత్రం 1981లో, అంటే 56వ ఏట గాని రాలేదు. ఇతరుల సినిమాల భారం మోసినందువల్లనే అంత ఆలస్యమైందని ఖాయంగా అనలేను కానీ, సెంబెన్ పేరు తెలిసినవారిలో పదోవంతుకైనా ఈయన పేరు తెలియకపోవడం నాకు అన్యాయంగానే తోస్తుంది. ఆయన 1987లో కన్నుమూశారు.

‘చెడ్డో’ షూటింగు జరుగుతున్న తీరును ఆయనే చిన్న డాక్యుమెంటరీగా తీసి, ఫ్రెంచిలో ‘తెర వెనుక’ అనే అర్థం వచ్చే పేరు పెట్టారు. ‘ఖాలా’ చూశారు కనుక, వీలు చూసుకుని అదీ చూడండి. యూనిట్‌లో ఎవరు ఏ పని మీద పరుగులు పెడుతున్నారో మీకు ఎవరూ చెప్పనవసరం లేదు.