కొరియా తొలి కెమెరామన్ లీ పిల్-వూ గురించి, ఇప్పుడు చూడగలిగిన సినిమా గురించి

మీ ప్రశ్న: కొరియా సినిమాకు తొలి కెమెరామన్ ఎవరు, ఆయన పనితనం ఇప్పుడు చూసే వీలుందా?

లీ పిల్-వూ. 1920లలో ఆయన తీసిన కథాచిత్రాల్లో ఒక్కటీ మిగల్లేదు. అయితే ఆయన తమ్ముడు లీ మ్యుంగ్-వూ కెమెరా పట్టిన 'క్రాస్‌రోడ్స్ ఆఫ్ యూత్' అనే మూకీ సినిమా దొరికింది. ముందు అది చూడండి.

అప్పటికి కొరియా జపాన్ ఏలుబడిలో ఉంది. కొరియన్లు తీసిన తొలి చిత్రంగా చెప్పే 1919 నాటిది అసలు నాటకమే. వేదిక మీద చూపించలేని సన్నివేశాలు మాత్రం మధ్యలో తెర మీద పడేవి, వాటిని తీసింది కూడా జపాన్ మనిషే. మరుసటి ఏడు అలాంటి నాటకానికే పిల్-వూ కెమెరా తిప్పారు. 1923లో ఒక జపాన్ నిర్మాత కొరియన్ల పాత ప్రేమకథ చున్‌హ్యాంగ్‌ను సినిమాగా తీస్తే, సియోల్‌లోని దాన్‌సాంగ్‌సా థియేటర్ వాళ్ళు 1924లో 'జాంగ్‌హ్వా హాంగ్‌న్యన్'తో జవాబిచ్చారు. సవతి తల్లి పొట్టన పెట్టుకున్న అక్కచెల్లెళ్ళ జానపద కథ అది. నటులూ టెక్నీషియన్లూ అంతా కొరియన్లే. కెమెరా పిల్-వూ. 1926లో పత్రికలో వచ్చే ఒక కార్టూన్ కథను ఆయనే దర్శకుడిగా సినిమా తీశారు.

నేను ఫిల్మ్ రోజుల్లో కెమెరా అసిస్టెంటుగా పనిచేశాను. 400 అడుగుల రోలు నాలుగున్నర నిమిషాల్లో అయిపోయేది. చీకటి సంచిలో చేతులు పెట్టి మ్యాగజైన్‌లోకి, అంటే కెమెరాకు తగిలించే ఫిల్మ్ డబ్బాలోకి, రోలు ఎక్కించేటప్పుడు కాస్త వెలుతురు తగిలినా అంతే సంగతులు. ల్యాబ్ నుంచి రషెస్ (తీసిన షాట్ల తొలి ప్రింట్లు) వచ్చేదాకా కంటి మీద కునుకుండేది కాదు. మాకైనా అడగడానికి సీనియర్లు, పక్కనే ల్యాబ్ ఉండేవి. తన ముందు కొరియన్ కెమెరామన్ అనేవాడే లేని చోట ఆయన ఈ పని ఎలా నెట్టుకొచ్చారో తలచుకుంటే ఇప్పటికీ ఒళ్ళు జలదరిస్తుంది.

ఆయన్ని తొలి కెమెరామన్ అని మాత్రమే చెప్పి వదిలేయడం నాకు నచ్చదు. సినిమాకు మాటలు వచ్చాక ఆయన చేసింది ఇంకా పెద్ద పని. 1935 అక్టోబరులో దాన్‌సాంగ్‌సాలో విడుదలైన కొరియా తొలి టాకీ 'చున్‌హ్యాంగ్‌జాన్'కు శబ్దగ్రహణం పిల్-వూది, దర్శకత్వం తమ్ముడిది. మూకీ రోజుల్లో కెమెరా ఎంత గరగరలాడినా అడిగేవాడు లేడు. టాకీలో ఆ చప్పుడు కూడా రికార్డయిపోతుంది. కెమెరా గుట్టు తెలిసిన మనిషి సౌండ్ దగ్గర కూర్చోవడం ఎంత కలిసొచ్చి ఉంటుందో సెట్‌లో పనిచేసినవాళ్ళకి చెప్పక్కర్లేదు. ఆ టాకీ కూడా దొరకడం లేదు, మన 'భక్త ప్రహ్లాద' (1932) లాగే.

దొరికింది 'క్రాస్‌రోడ్స్ ఆఫ్ యూత్' (1934). 2007లో బయటపడిన నైట్రేట్ (తేలిగ్గా అంటుకునే పాతకాలపు ఫిల్మ్) నెగటివ్ నుంచి కొరియన్ ఫిల్మ్ ఆర్కైవ్ వాళ్ళు బాగుచేశారు. ఇప్పటికి మిగిలిన కొరియన్ కథాచిత్రాల్లో అన్నిటికన్నా పాతది ఇదే. పల్లె వదిలి వచ్చి సియోల్ స్టేషన్లో సామాన్లు మోసే కుర్రాడు, పెట్రోలు బంకులో పనిచేసే అమ్మాయి ఇందులో జంట. నేను సియోల్‌లో ఉన్నప్పుడు వాద్యకారులు, పక్కన నిలబడి కథ చెప్పే 'బ్యోన్‌సా'తో సహా చూశాను. స్టేషన్ సీన్లలో మ్యుంగ్-వూ సెట్లు కాకుండా అసలు ఊరినే చూపించారు. అక్కడ మాత్రం నేను కథ మరిచిపోయి ఫ్రేములో వెనకాల నడిచే జనాన్నే చూస్తూ ఉండిపోయాను.

సియోల్ వెళ్తే సంగామ్‌డాంగ్‌లో ఉన్న ఆ ఆర్కైవ్‌కు వెళ్ళండి. బ్యోన్‌సాతో వేసే ప్రదర్శన ఎప్పుడైనా ఉంటుందేమో ముందే కనుక్కోండి. వట్టి వీడియోగా చూస్తే సగమే చూసినట్టు.