ప్రొడ్యూసర్ అయినంత మాత్రాన రచన మానేసినట్టు కాదు

ఒక అమెరికన్ సిట్‌కామ్ (టీవీ హాస్య ధారావాహిక) రచయిత ఏ హోదాలో ఎన్నాళ్ళు పనిచేశారో తెర మీద పడే పేర్లను బట్టి మీరు వివరాలు సేకరిస్తున్నారనుకుందాం. ఆ రచయిత రెండేళ్ళకే కలం వదిలి నిర్మాణంలోకి వెళ్ళారని మీకు అనిపిస్తే, దానికి కారణం, బహుశా, ‘ప్రొడ్యూసర్’ అన్న మాటను మన సినిమాల అర్థంలో, అంటే డబ్బు పెట్టే వ్యక్తిగా, చదవడమే. అక్కడి టెలివిజన్‌లో అది చాలాసార్లు రచయితకు దక్కే పదోన్నతి.

1. రచయిత పేరు పక్కన కనిపించే హోదాలను కింది మెట్టు నుంచి పై మెట్టుకు ఈ వరుసలో పేర్చి చూడండి: స్టాఫ్ రైటర్, స్టోరీ ఎడిటర్, కో-ప్రొడ్యూసర్, ప్రొడ్యూసర్, సూపర్‌వైజింగ్ ప్రొడ్యూసర్, కో-ఎగ్జిక్యూటివ్ ప్రొడ్యూసర్, ఎగ్జిక్యూటివ్ ప్రొడ్యూసర్.

2. చాలామంది వదిలేసేది ఇక్కడే: ఎపిసోడ్లను కాదు, సీజన్లను లెక్కించండి. సిట్‌కామ్ రచయితలు ఒకే గదిలో కూర్చుని ప్రతి స్క్రిప్టునూ కలిసి తిరగరాస్తారు గనుక, తెర మీద ఒకరి పేరే పడినా, అందులోని హాస్యంలో సగం ఇతరులది కావచ్చు. ఏడాదికి రెండు ఎపిసోడ్ల మీదే పేరున్న వ్యక్తి ఏడాది పొడవునా రాసి ఉండవచ్చు. ప్రొడ్యూసర్ హోదాలోనూ రాస్తారనడానికి ఉదాహరణ, రచయిత లారీ డేవిడ్: 1996లో ‘సైన్‌ఫెల్డ్’ అనే సిట్‌కామ్‌ను వదిలేవరకు అందులో ఎగ్జిక్యూటివ్ ప్రొడ్యూసర్, ఆ రచనకు సారథి కూడా ఆయనే. 1998లో ముగింపు ఎపిసోడ్ రాయడానికి తిరిగి వచ్చారు.

3. రెండు పేర్ల మధ్య ఆంపర్‌సాండ్ (&) గుర్తు ఉంటే వారు జంటగా రాశారని, ‘అండ్’ అని అక్షరాలలో ఉంటే విడివిడిగా పనిచేశారని నమోదు చేసుకోండి.